పీఠిక: మహాత్ముని జాడలో ఒక చిత్రసాధకుడు

మహనీయుల సందేశాన్ని తరతరాలకు అందించడానికి గ్రంథాలు చాలును గాని, వారి నడకను, మందహాసాన్ని, జనసముద్రం నడుమ వారు నిలిచిన తీరును భావితరాలకు ప్రత్యక్షం చేయడానికి చలనచిత్రమొక్కటే శరణ్యం. గాంధీమహాత్ముని విషయంలో అట్టి మహత్కార్యాన్ని ఇరవై ఆరేళ్లయినా నిండకముందే సంకల్పించిన శ్రీ ఎ.కె. చెట్టియార్ గారి జీవితకృషిని తెలుగువారి ముందుంచుతున్న ఈ గ్రంథానికి పీఠిక వ్రాయడం నాకు పరమానందదాయకం.

చెట్టినాటి సీమలోని కోట్టైయూరులో 1911లో జన్మించి, పత్రికారచనలో ఆరితేరి, టోక్యోలోను, న్యూయార్క్‌లోను ఛాయాగ్రహణ విద్య నభ్యసించిన ఆయనకు, 1937 అక్టోబరు 2న, న్యూయార్క్ నుండి డబ్లిన్‌కు సాగుతున్న ఓడలో, ఈ చిత్రసంకల్పం ఉదయించింది. నాటినుండి సుమారు లక్ష మైళ్లు పర్యటించి, ముప్పై సంవత్సరాల కాలంలో నూరుమంది ఛాయాగ్రాహకులు తీసిన దృశ్యాలను వెదకి, యాభైవేల అడుగుల ఫిలింను ఆయన సమకూర్చారు. రవ్వ తగిలితే భగ్గుమనే నైట్రేట్ ఫిలిం యుగమది. పరాయి ప్రభుత్వం పాలిస్తున్న కాలమది. పైగా నడుమ ప్రపంచయుద్ధం ముంచుకొచ్చింది. అయినను సంకల్పం సడలలేదు. 1940 ఆగస్టు 23న తమిళ వ్యాఖ్యానంతో విడుదలైన ఆ చిత్రం అనంతరం తెలుగు వ్యాఖ్యానంతోను వెలువడింది గనుక, ఆయన ఋణం మనకూ ఉన్నది.

తాను స్వయంగా కెమెరా పట్టగలిగి ఉండియు, అన్యుల కెమెరాలు చూచిన సత్యాన్ని శిరసావహించి, పూలను ఏరి మాల కూర్చినట్లు ఆ దృశ్యాలను ఒక్క సూత్రాన గ్రుచ్చిన ఆయన సంయమనమే నా దృష్టిలో ఆయన ప్రతిభకు గీటురాయి. సేకరణ కూడా సృజనయే అని నిరూపించిన ధన్యుడాయన. తాను నడిపిన ‘కుమరి మలర్’ పత్రికలోను, యాత్రారచనల్లోను ఆయన తనను గురించి చెప్పుకున్నది స్వల్పం. అట్టివాని చరిత్ర వ్రాయడం దుష్కరం.

ఆ దుష్కరకార్యాన్ని ఈ గ్రంథకర్త శ్రద్ధతో నిర్వహించారు. ఆధారం లేని మాట వ్రాయలేదు. భక్తి పేరిట అతిశయోక్తికి లోనుకాలేదు. చిత్రకూర్పును వివరించిన అధ్యాయం మరికొంత విస్తరిస్తే బాగుండునని తోచినా, ఉన్నంతలో అది విద్యార్థులకు పాఠ్యప్రాయం.

ఇంతటి తపఃఫలమైన ఆ చిత్రపు మూలప్రతులు చిరకాలం అలభ్యమైపోయినవన్న విషయం మనకు గుణపాఠం కావాలి. ఇండ్లలో, సంస్థల్లో పాత ఫిలిం చుట్టలున్నవారు వాటిని శిథిలం కానీయక, పుణెలోని జాతీయ చలనచిత్ర భాండాగారానికి అప్పగించవలసిందిగా పాఠకులను కోరుతున్నాను.