చిత్తూరు నాగయ్యగారి భక్తి చిత్రములు – ఇంటి ప్రశ్న

తెలుగు చలనచిత్రములలో భక్తుల కథలకు కొదవ లేదు. భక్తుడు కష్టపడుట, దేవుడు ప్రత్యక్షమగుట, మంగళము పాడుట వీనికి పరిపాటి. కాని ఆ భక్తుడు తన ఇంటిలో ఎట్లు మసలినాడు, అతని భక్తికి వెల చెల్లించిన వారెవరు అని అడిగిన చిత్రములు మిక్కిలి తక్కువ. చిత్తూరు వి. నాగయ్యగారిని గూర్చి మేమిక్కడ ముచ్చటింపబూనుటకు ఆ ప్రశ్నయే కారణము. ఆయనను నటుడుగా, గాయకుడుగా అందరును ఎరుగుదురు. దర్శకుడుగా ఆయన పేరు చెప్పుకొనదగిన చిత్రములు మూడు: ‘త్యాగయ్య’ (1946), ‘నా ఇల్లు’ (1953), ‘రామదాసు’ (1964). నడిమి చిత్రమునకు పెట్టిన పేరు తక్కిన రెండింటికిని చెల్లునని మా అభిప్రాయము.

నాగయ్యగారు 1904లో గుంటూరు మండలములోని రేపల్లెలో జన్మించినారు. చిత్తూరు పేరు ఇంటి పేరువలె అంటిపెట్టుకొన్నది. 1938లో ‘గృహలక్ష్మి’తో తెరపైకి వచ్చినారు. భక్తి చిత్రములకు ఆయన పాఠశాల వాహినీ సంస్థ, గురువు కె.వి. రెడ్డిగారు అనవచ్చును. 1943లో విడుదలైన ‘భక్త పోతన’లో ఒకవైపు నాగలి, మరియొకవైపు రాజాశ్రయము; నడుమ కుటుంబమును పోషింపవలసిన కవి. 1947 నాటి ‘యోగి వేమన’లో బంగారము చేయు యావలో పడి అన్నబిడ్డ మరణమునకు అందకపోయిన మనుజుడు. ఆ పసిదాని చావు లేనిచో వేమన వైరాగ్యము మనకు నమ్మబలుకుగా ఉండెడిది. ఈ రెంటి నడుమ, తన సొంత పూనికతో నాగయ్యగారు ‘త్యాగయ్య’ను నిర్మించి, దర్శకత్వము, సంగీతము తామే వహించి, తామే నటించినారు.

ఆ చిత్రము ఆంధ్రదేశమువారికొక భక్తుని కథ. మనవంటి వారికి మన ఇంటి కథ. త్యాగరాజస్వామి 1767లో తిరువారూరులో పుట్టి, 1847లో తిరువయ్యారులో సిద్ధి పొందినవారు. వీధిలో తమిళము, తంజావూరు కొలువున మరాఠీ ప్రభువులు, ఇంటిలోను పూజలోను తెలుగు. తరతరములుగా కావేరి ఒడ్డున గాని, కృష్ణరాజసాగరము దిగువన గాని, గంజాము పల్లెలలో గాని కాపురమున్న మనకు ఈ అమరిక కొత్తది కాదు. ఆయన తెలుగును బ్రతికించుటకు పూనుకొన్నవారు కారు. రామునితో మాటాడుటకు ఇంటి భాష తప్ప వేరొకటి తోచనివారు. నాగయ్యగారి చిత్రము ఈ సంగతిని ఉపన్యాసముగా గాక నిత్యకృత్యముగా చూపుట మాకు మెచ్చుకోలుగా నున్నది.

రాజు పంపిన కానుకలను త్యాగయ్య త్రోసిపుచ్చుట, అన్న జపేశుడు కోపించి రామవిగ్రహములను కావేరిలో పడవేయుట, స్వామి వానికై అలమటించుట: ఇవి జీవితగాథలో సుప్రసిద్ధములు, చిత్రమునకును ఇవియే ఆయువుపట్టు. ఐతే ఇచ్చట ఒక మాట చెప్పక తప్పదు. అన్నగారి కోపములో న్యాయము లేకపోలేదు. ఇంటిలో బియ్యము నిండుకొన్నప్పుడు గుమ్మము వద్దకు వచ్చిన ధనమును త్రిప్పి పంపిన తమ్ముని చూచి ఏ గృహస్థుడు ఊరకుండును? చిత్రము అన్నను దుష్టుల వరుసలోనికి నెట్టి ఈ చిక్కును సులువు చేసికొన్నది. ఇల్లాలికి కూడ తగినంత చోటు దొరకలేదు. ‘వేమన’లో కె.వి. రెడ్డిగారు బిడ్డ మరణమును అన్నివైపులనుండి కోయనిచ్చినారు. ‘త్యాగయ్య’లో కత్తికి ఒకవైపే పదును. నటుడైన నాగయ్యగారు మాత్రము దర్శకుని లోపమును చాలవరకు పూడ్చినారు. ధనమును కాదన్న గర్వము ఆయన ముఖమున కానరాదు. తన మూలమున ఇంటికి కష్టము వచ్చినదని ఎరిగిన వాని బిడియము కానవచ్చును.

గానమును గూర్చి ప్రత్యేకముగా చెప్పవలసియున్నది. నాగయ్యగారిది సభలను గెలుచు గొంతు కాదు. మెత్తగా, పూజామందిరమున తనకు తాను పాడుకొనువాని వలె పాడుదురు. పదము విరుగదు, అర్థము జారదు. మన బిడ్డలు నేడు కీర్తనలను తమిళ లిపిలోనో కన్నడ లిపిలోనో వ్రాసికొని నేర్చుచున్నారు. రాగము పట్టుబడుచున్నది, స్వామి ఎవరిని ఏమని నిలదీయుచున్నాడో పట్టుబడుటలేదు. అట్టి బిడ్డకు కచ్చేరీ చేయజాలని మేలు ఈ పాత చిత్రములోని పాట చేయును. పాడు మనిషియు, కనబడు మనిషియు ఒక్కరే యగుటచేత కీర్తన అక్కడ సంభాషణము వలె వినవచ్చును. 1981లో బాపుగారు జె.వి. సోమయాజులుగారితో మరల ‘త్యాగయ్య’ను తీసినారు. కె.వి. మహదేవన్‌గారి సంగీతము, ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యముగారి గళము మధురములే. అయినను రూపమొకరిది, గొంతు వేరొకరిది. ఆ అతుకు మా చెవికి తెలియుచునే యున్నది.

‘నా ఇల్లు’లో భక్తుడు లేడు. సమకాలిక సంసారము, తమిళమున ‘ఎన్ వీడు’గా కూడ తీసినారు. దానిని గూర్చి విస్తరింపము. తమిళ ప్రేక్షకులు మాత్రము అప్పటికే ఆయనను తమవానిగా భావించినారు: ‘అశోక్ కుమార్’ (1941)లో అశోక చక్రవర్తి, ఎం.ఎస్. సుబ్బులక్ష్మిగారి ‘మీరా’ (1945)లో రాణా, ‘చక్రధారి’ (1948)లో కుమ్మరి భక్తుడు ఆయనయే. చెన్నపట్నము త్యాగరాయనగరులోని పానగల్ పార్కులో ఆయన విగ్రహము నిలుచుట అందుచే సహజమే. కాళహస్తి గడ్డపై పుట్టిన పానగల్లు రాజావారి పేరిటి తోట అది.

ఇక ‘రామదాసు’. నేలకొండపల్లి కంచెర్ల గోపన్న తహశీలుదారుగా వసూలు చేసిన ధనముతో భద్రాద్రి గుడి కట్టి గోలకొండ చెరసాల పాలైనవాడు. వెల ప్రశ్న ఇక్కడ మరింత కఠినము. ఆ ధనము ఇంటిది కూడ కాదు, సర్కారుది. ఈ చిత్రము పూర్తి యగుటకు ఏండ్లు పట్టినది. విడుదల నాటికి నాగయ్యగారికి అరువది యేండ్లు. అంతకుముందు సంవత్సరమే పూర్తి వర్ణచిత్రముగా ‘లవకుశ’ వచ్చి ప్రేక్షకుల కన్నులను మార్చివేసినది. అందులో వాల్మీకి నాగయ్యగారే. ‘రామదాసు’ నడక పాత నాటకపు నడక. చెరసాల ఘట్టములలో ఆ నిదానమే బలమైనది, తక్కినచోట్ల భారమైనది. 2006 నాటి ‘శ్రీరామదాసు’లో రాఘవేంద్రరావుగారు నాగార్జునతో కన్నుల పండువ చేసినారు గాని, గుడికై వెచ్చించిన సొమ్ము ఎవరిదన్న కలత అందులో అంతగా నిలువలేదు.

ఒకప్పుడు దక్షిణాదిలో అగ్రశ్రేణి పారితోషికము పొందిన నాగయ్యగారి సంపద దానధర్మములలోను, చిత్రనిర్మాణములోను కరగిపోయినది. 1965లో పద్మశ్రీ వచ్చినది. చివరి సంవత్సరములలో తండ్రి, తాత వేషములు ధరించుచు చిన్న చిన్న పారితోషికములతో కాలము గడిపి, 1973 డిసెంబరు 30వ తేదీన చెన్నపట్నముననే కన్నుమూసినారు. ఆ తండ్రి వేషములలో ఒకటి 1957 నాటి ‘పాండురంగ మహాత్మ్యము’లోనిది. వెనుక భక్తుడుగా తన ఇంటివారిని కలతపెట్టిన మనిషి, అందులో దారి తప్పిన కుమారునిచే ఇల్లు వెడలగొట్టబడిన తండ్రిగా నిలుచును. ‘త్యాగయ్య’లో అన్నగారికి దక్కని జాలి, ఆ ముసలితండ్రి వేషమున నాగయ్యగారికే దక్కినది.