లోపం ఎక్కడ ఉంచాలి?

టేప్ రికార్డర్లు కొత్తగా ఊళ్లలోకి వచ్చిన రోజుల్లో మన కుర్రాళ్లకు ఒక చిట్కా తెలుసు. పాత రేడియోలోంచి ఊడదీసిన స్పీకరును మట్టికుండ మూతి మీద బోర్లించి, వైర్లు కలిపి పాట పెట్టేవాళ్లు. అంతదాకా కీచుగా మోగిన పాటకు ఒక్కసారిగా ఒళ్లు వచ్చేది. ఎందుకలా అవుతుందని ఎవరూ అడిగేవాళ్లు కాదు. ‘బేస్ వస్తుందిరా’ అనేవాళ్లు, అంతే.

కారణం మరీ కష్టమైనదేం కాదు. స్పీకర్ కోను ముందుకు కదిలినప్పుడు దాని ముందున్న గాలి నొక్కుకుంటుంది, వెనకున్న గాలి పలచబడుతుంది. స్పీకరును విడిగా వదిలేస్తే ఈ రెండు అలలూ అంచు చుట్టూ తిరిగొచ్చి కలిసి, ఒకదాన్నొకటి చెల్లగొట్టుకుంటాయి. కింది స్వరాలకు ఈ నష్టం మరీ ఎక్కువ. వెనక గాలిని బంధించి ముందు అలను కాపాడటమే కుండ చేసిన పని. ఇవాళ బ్రిటన్‌లో వేల పౌండ్లు పలికే చెక్క పెట్టె చేసే మొదటి పని కూడా అదే. రెండో పని తాను మోగకుండా ఉండటం, చిక్కంతా అక్కడే ఉంది. వెనక బంధించిన ఆ గాలి ఊరుకోదు, పెట్టె గోడలను కదిలిస్తుంది. ఆ గోడలు తమ సొంత గొంతుతో పాడటం మొదలుపెడతాయి. ఇంట్లో స్పీకర్లు కట్టుకునేవాడు ఎక్కువ సమయం కుస్తీ పట్టేది ఈ గోడలతోనే.

నేనుండే స్లౌలో శనివారం పూట వీధిలో నడిస్తే ఏదో ఒక పెరట్లోంచి రంపం చప్పుడు వినబడుతుంది. ఇంగ్లండు మగవాళ్లకు పెరటి షెడ్డు ఒక రకంగా రెండో ఇల్లు. ఈ దేశంలో స్పీకర్ల పరిశ్రమ మొదలైంది కూడా ఇలాంటి చోట్లనే. బట్టల వ్యాపారంలో ఉన్న గిల్బర్ట్ బ్రిగ్స్ 1932లో యార్క్‌షైర్‌లోని ఇల్క్‌లీలో, తన ఇంటి నేలమాళిగలో స్పీకర్లు చేయడం మొదలుపెట్టాడు. ఆ ఊరి పక్కన పారే వార్ఫ్ నది లోయ పేరే తన కంపెనీకి పెట్టుకున్నాడు. అదే వార్ఫ్‌డేల్. 1948లో స్పీకర్ల గురించి మామూలు మనిషికి బోధపడేలా ఒక పుస్తకం రాశాడు. 1954లో లండన్ రాయల్ ఫెస్టివల్ హాల్లో వేదిక మీద కళాకారుల చేత వాయింపజేసి, రికార్డయిన సంగీతాన్నీ పక్కనే స్పీకర్లలో వినిపించి, తేడా ఎంతో మీరే తేల్చుకోండని ప్రేక్షకులకు వదిలేశాడు.

బ్రిగ్స్ దగ్గర పనిచేసిన రేమండ్ కుక్ 1961లో కెంట్‌లోని మెయిడ్‌స్టన్ పక్కన టోవిల్‌లో కెఫ్ కంపెనీ పెట్టాడు. బీబీసీ పరిశోధన విభాగంలో పనిచేసిన స్పెన్సర్ హ్యూస్ తన భార్య డొరొతీతో కలిసి స్పెండార్ పెట్టాడు. అదే విభాగానికి చెందిన డడ్లీ హార్వుడ్ 1977లో పెట్టిన హార్బెత్ పేరులో భార్య ఎలిజబెత్ పేరూ కలిసే ఉంది. కెఫ్ తయారైన పెట్టెలతో పాటు వాటిలో బిగించే విడి స్పీకర్లను, అంటే డ్రైవర్లనూ, ఇంట్లో కట్టుకునేవాళ్ల కోసం కన్‌స్ట్రక్టర్ సిరీస్ అని ప్లాన్లనూ అమ్మింది. అక్కడ డ్రైవర్లు డిజైన్ చేసిన మాల్కమ్ జోన్స్ 1972లో ఫాల్కన్ అకౌస్టిక్స్ మొదలుపెట్టాడు. స్పీకరు విడిభాగాలు కొనుక్కుని ఇంట్లో కట్టుకునేవాళ్లకు ఆ పేరు బాగా తెలుసు. అంటే ఇక్కడ ఫ్యాక్టరీకీ షెడ్డుకీ మధ్య దారి ఎప్పుడూ తెరిచే ఉంది.

ఈ పనిలో దిగిన ప్రతివాడికీ ముందు ఎదురయ్యేది హాఫ్‌మన్ ఉక్కు సూత్రం. పెట్టె చిన్నదిగా ఉండాలి, బేస్ లోతుగా రావాలి, కొద్దిపాటి పవర్‌కే గట్టిగా మోగాలి. ఈ మూడు కోరికల్లో రెండే తీరతాయి, మూడోది వదులుకోవాల్సిందే. ఎంత డబ్బు పోసినా ఈ లెక్క మారదు. కాబట్టి లోపం లేని స్పీకరు అన్నది లేదు. ఏ లోపాన్ని ఎక్కడ ఉంచాలో తేల్చుకోవడమే ఈ పనిలో అసలు నేర్పు. బ్రిటిష్ ఇంజినీర్లను నేను మెచ్చుకునేది ఈ నేర్పుకే.

దానికి బీబీసీ వాళ్ల ఎల్‌ఎస్ 3/5ఏ అనే స్పీకరును మించిన ఉదాహరణ లేదు. 1970లలో బీబీసీకి ఒక అవసరం వచ్చింది. బయటి కార్యక్రమాలను ప్రసారం చేసే వ్యాన్లలో చోటు తక్కువ. పెద్ద మానిటర్ స్పీకర్లు పట్టవు, హెడ్‌ఫోన్లతో సరైన తీర్పు చెప్పలేరు. సర్రేలోని కింగ్స్‌వుడ్ వారన్‌లో ఉన్న పరిశోధన విభాగం వాళ్లు సుమారు ముప్పై సెంటీమీటర్ల ఎత్తు, పందొమ్మిది వెడల్పు, పదహారు లోతున్న పెట్టె కట్టారు. లోపల చోటు ఐదు లీటర్లు. అందులో కింది స్వరాలకు కెఫ్ వాళ్ల బీ110 ఊఫర్, పైస్వరాలకు టీ27 ట్వీటర్. ఉక్కు సూత్రం ప్రకారం వాళ్లు చిన్న పెట్టెను ఉంచుకుని, లోతైన బేస్‌నూ గట్టి చప్పుడునూ వదిలేసుకున్నారు. దీని సెన్సిటివిటీ 83 డెసిబెళ్ల లోపే. ఇప్పటి మామూలు స్పీకర్లతో పోలిస్తే ఇది మెత్తగా మోగే రకం. దానికి బదులుగా వాళ్లు కాపాడుకున్నది ఒక్కటే, మనిషి మాట. మాట్లాడేది ఎవరో, ఏ గదిలో నిలబడి మాట్లాడుతున్నారో తెలియాలి. బేస్ లేని సంగతి కూడా చెవికి వెంటనే తట్టదు. 100 హెర్ట్జ్ పైన స్వరం కొద్దిగా ఎత్తుకునేలా పెట్టెను కట్టారు. ఆ చిన్న ఎత్తు విని, కింద ఇంకా ఏదో ఉందని చెవి నమ్ముతుంది.

పెట్టె గోడల విషయంలో వాళ్లు చేసిన పని ఇంకా ఆసక్తికరం. గోడ పాడకూడదంటే మందంగా, బరువుగా కట్టాలని ఎవరికైనా తోస్తుంది. బ్రిగ్స్ రెండు పలకల మధ్య ఇసుక నింపి చూశాడు. వర్దింగ్‌లో జాన్ బవర్స్ మొదలుపెట్టిన బీ అండ్ డబ్ల్యూ 1980లలో పెట్టె లోపల అడ్డంగా, నిలువుగా గళ్లగళ్లుగా పలకలు బిగించింది. బీబీసీ వాళ్లు దీనికి ఎదురు దారి పట్టారు. హార్వుడ్, మాథ్యూస్ 1977లో రాసిన పరిశోధన నివేదికలో ఆ వాదమంతా ఉంది. మందం పెంచితే గోడ మోత ఆగదు, ఇంకా పై స్థాయికి జరుగుతుంది. అక్కడ చెవి మరింత చురుగ్గా ఉంటుంది, ఆ మోతను అణచడమూ కష్టం. పలచటి గోడ కడితే మోత కిందికి దిగుతుంది. లోపలివైపు బరువైన బిట్యుమెన్ పలక అతికిస్తే అది ఆ మోతను మింగేస్తుంది. మృదంగ విద్వాంసుడు కచేరీ ముందు ఎడమ మూతికి రవ్వముద్ద అద్దడం చూసినవాళ్లకు ఈ సంగతి వేరే చెప్పక్కర్లేదు. ఎల్‌ఎస్ 3/5ఏ గోడలు 12 మిల్లీమీటర్ల బర్చ్ ప్లైవుడ్. మూలల్లో బిగించే రీపులు బీచ్ చెక్కవే ఉండాలని నియమం పెట్టారు. మధ్యలో కొన్ని పెట్టెలకు పరానా పైన్ రీపులు వాడితే శబ్దంలో రంగు మారిందని బీబీసీ వాళ్లు కనిపెట్టారు. బయటికి కనబడని వేలెడు వెడల్పు రీపు కూడా స్పీకర్లో వాయిద్యమే.

ఈ మాట నిజమో కాదో ఇంట్లోనే తేల్చుకోవచ్చు. నేను కట్టిన ఇలాంటి స్పీకర్ల జతలో వెనక పలకను జిగురుతో అతికించకుండా స్క్రూలతో బిగించాను, విప్పి చూసుకోవడానికి. బిట్యుమెన్ వేయకముందు మా ఆవిడ చేత ఫోన్లో ఒక తెలుగు వార్త చదివించి రికార్డు చేశాను. తర్వాత ఆవిణ్ణి పక్కన కూర్చోబెట్టి అదే స్పీకర్లో వినిపించాను.

“నా గొంతే గానీ, నాకు జలుబు చేసినప్పటి గొంతండీ ఇది” అంది.

పలక మీద వేలి కణుపుతో కొడితే ‘టంగ్’మని సాగుతోంది. కార్ల తలుపుల లోపల అతికించే బిట్యుమెన్ షీట్లు తెచ్చి, కోసి, పక్క పలకలకూ పైనా కిందా వెనకా అతికించాను. ఇప్పుడు కణుపుతో కొడితే ‘టక్’మని అక్కడికక్కడే ఆగిపోతోంది. అదే రికార్డు మళ్లీ పెట్టాను.

“జలుబు తగ్గింది” అంది.

కొలిచే మైక్రోఫోను, కంప్యూటర్లో గ్రాఫు నా దగ్గరా ఉన్నాయి. రూమ్ ఈక్యూ విజార్డ్ అనే సాఫ్ట్‌వేర్ ఉచితంగానే దొరుకుతుంది. కానీ గ్రాఫులో ఏ గీతను పట్టించుకోవాలో చెప్పింది ఆ జలుబు మాటే. మనకు బాగా తెలిసిన గొంతును మించిన పరికరం ఈ పనిలో లేదు. బ్రిగ్స్ అంత పెద్ద హాల్లో చేసిన పరీక్ష ఇంట్లో సోఫా మీద కూడా పనికొస్తుంది.

వడ్రంగం అయ్యాక క్రాసోవర్. ఊఫర్ పాడే భాగం, ట్వీటర్ పాడే భాగం విడదీసే కాయిల్స్, కెపాసిటర్ల పలక ఇది. ఇక్కడా లోపం ఎక్కడ ఉంచాలన్నదే ప్రశ్న. ఊఫర్‌ను మరీ పైకి పాడనిస్తే శబ్దం పక్కలకు విచ్చుకోదు. ట్వీటర్‌ను మరీ కిందికి దించితే తట్టుకోలేదు. ఎల్‌ఎస్ 3/5ఏలో ఈ చేతులు మారే చోటు 3,000 హెర్ట్జ్ దగ్గర ఉంటుంది. కాయిల్స్‌ను పక్కపక్కనే ఒకే దిక్కుకు పెట్టకూడదు, ఒకదాని అయస్కాంత క్షేత్రం ఇంకోదాన్ని తాకుతుంది. ఒకటి పడుకోబెట్టి, ఒకటి నిలబెట్టి, వీలైనంత ఎడంగా బిగించాలి. టంకం వేసేముందు ఊఫర్‌కు ఒకటిన్నర వోల్టుల బ్యాటరీ తాకించండి. ప్లస్‌కు ప్లస్ కలిస్తే కోను బయటికి పొంగుతుంది. రెండు పెట్టెల్లోనూ ఒకే వైపు పొంగితేనే గాయకుడు రెండింటి మధ్యలో నిలబడతాడు.

కట్టినదాన్ని ఎక్కడ పెట్టాలన్నది ఆఖరి లెక్క. పందొమ్మిది సెంటీమీటర్ల ముఖం ఉన్న పెట్టెలో సుమారు 600 హెర్ట్జ్ కింద శబ్దం ముందుకే రాకుండా పెట్టె చుట్టూ వెనక్కి వాలిపోతుంది. వెనక గోడ దగ్గరుంటే అందులో కొంత తిరిగొస్తుంది. మరీ ఆనించి, పుస్తకాల మధ్య ఇరికిస్తే మాట మొద్దుబారుతుంది. చెవి ఎత్తుకు స్టాండు మీద, గోడకు కాస్త ఎడంగా పెట్టి, జానెడు జానెడు జరుపుతూ వినడమే పద్ధతి.

హైదరాబాద్ కోఠిలో గుజరాతీ గల్లీకి వెళ్లి హోమ్ థియేటర్ కట్టించుకున్న తరం మాది. ఊఫర్ ఎన్ని అంగుళాలన్నదే అక్కడ మొదటి ప్రశ్న. ఇక్కడ ఇంగ్లండులో మాత్రం చాలా ఇళ్లకు గోడ పక్కింటివాళ్లతో ఉమ్మడి. పైస్వరాలను గోడ ఆపుతుంది గానీ బేస్‌ను ఆపలేదు. రాత్రి పదకొండు నుంచి పొద్దున ఏడు దాకా మోత ఎక్కువైతే కౌన్సిల్‌వాళ్లు చర్య తీసుకోవడానికి 1996 నాటి చట్టమే ఉంది. అలాంటి ఇంట్లో బేస్‌ను వదులుకున్న పెట్టె, ఆ లోపం వల్లే ఇరుగుపొరుగుతో సఖ్యంగా ఉంటుంది. మనం ఎక్కువగా వినే పాత పాటల్లో, ఆకాశవాణి రికార్డుల్లో అట్టడుగు బేస్ ఎలాగూ తక్కువే. వాటిలో ఉన్నదంతా గొంతే. ఘంటసాల గొంతుకు కావాల్సిన చోటు ఈ ఐదు లీటర్లలో పుష్కలంగా ఉంది. కొత్త సినిమా పాటల దరువే కావాలంటే మాత్రం ఇది మీకు పనికొచ్చే పెట్టె కాదు, పెద్దది కట్టుకోండి.

డబ్బు ఆదా అవుతుందని ఎవరైనా చెబితే నమ్మకండి. ఫాల్కన్ వాళ్లు ఇప్పుడు అమ్మే తయారైన ఎల్‌ఎస్ 3/5ఏ జత రెండు వేల పౌండ్లు దాటుతుంది నిజమే. కిట్టు అంతకంటే బాగా తక్కువే. కానీ షెడ్డులో గడిపిన గంటలకు కనీస వేతనం లెక్క కట్టినా, దుకాణంలో దొరికే మంచి జత చౌక. ఈ పనిలో లాభం వేరు. ఒకసారి కట్టినవాడు ఆ తర్వాత ఏ స్పీకరు విన్నా బాగుందనో బాలేదనో ఊరుకోడు. దీన్ని చేసినవాడు దేన్ని కాపాడి, దేన్ని వదిలేశాడో చెప్పగలుగుతాడు.

ఈ చలికాలం మొదలుపెట్టాలనుకునేవాళ్లకు నాలుగు మాటలు. సొంత డిజైన్ జోలికి వెళ్లకుండా, పదిమంది కట్టి చూసిన కిట్టే తీసుకోండి. కొన్ని చోట్ల పలకలు కోసి మరీ ఇస్తారు. ఎండీఎఫ్ కోసేటట్టయితే ఎఫ్‌ఎఫ్‌పీ3 మాస్కు లేకుండా రంపం ముట్టుకోకండి, ఆ పొడి ఊపిరితిత్తులకు మంచిది కాదు. మెయిన్స్ కరెంటు ఆంప్లిఫయర్ దగ్గరే ఆగిపోతుంది కాబట్టి, పిల్లల్ని కూడా పక్కన కూర్చోబెట్టుకుని జాగ్రత్తగా టంకం నేర్పవచ్చు. అన్నిటికంటే ముందు ఏ లోపంతో కాపురం చేయగలరో తేల్చుకోండి. డ్రైవర్లు ఆ తర్వాత కొనండి.