'అయినా' అనే మాట

కళాకారుల మీద తీసే డాక్యుమెంటరీల్లో ముస్లిం వంతు వచ్చేసరికి ఒక మాట ముందే వచ్చి కూర్చుంటుంది. 'ముస్లిం అయినా'. షేక్ చినమౌలానా ముస్లిం అయినా నాదస్వరం వాయించాడట. బిస్మిల్లాఖాన్ ముస్లిం అయినా గుడిలో షెహనాయి ఊదాడట. ఎవరడిగారు ఈ 'అయినా'ని? కరవది నుంచి శ్రీరంగం వెళ్ళిన చినమౌలానా ఇంట్లో నాదస్వరం తరతరాల విద్య. తాత చేతి వాద్యం మనవడు అందుకుంటే వింతేముంది? బిస్మిల్లాఖాన్ బాలాజీ గుడి దగ్గర సాధన చేసిన సంగతి అందరికీ తెలుసు. మొహర్రంలో కన్నీళ్ళు కారుస్తూ, షెహనాయి వాయిస్తూ కాలినడకన వెళ్ళేవాడని ఎందరికి తెలుసు? మొదటిది మనకు సర్టిఫికెట్. రెండోది మన బతుకు. కెమెరాకి సర్టిఫికెట్టే కావాలి.

సబా దివాన్ 2009లో తీసిన 'ది అదర్ సాంగ్' ఈ సర్టిఫికెట్ అడగదు. బనారస్ గాయని రసూలన్ బాయి పాడిన ఒక ఠుమ్రీ వెంట పడుతుంది. అందరూ విన్న పాటలో దెబ్బ తగిలేది గుండెకి. 1935 నాటి గ్రామఫోన్ రికార్డులో అదే దెబ్బ రొమ్ముకి. (తెలుగులో అయితే 'ఎద' అనేసి తప్పించుకునేవాళ్ళం.) ఒక్క మాట మారింది. ఎవరు మార్చారు, ఎవరికి సిగ్గేసి మార్చారు? ఈ ప్రశ్న పట్టుకుని ఆమె బనారస్, లక్నో, ముజఫర్‌పూర్ తిరుగుతుంది. ఒకప్పటి తవాయిఫుల్ని మాట్లాడిస్తుంది.

సిగ్గుపడ్డవాళ్ళు చాలామందే. సంగీతాన్ని 'శుద్ధి' చేయాలనుకున్న సంస్కర్తలు. పటేల్ సమాచార శాఖ మంత్రిగా ఉన్నప్పుడు ఇలాంటి గాయనులకు తలుపు మూసిన రేడియో. మన దగ్గర 1947 దేవదాసీ చట్టం తర్వాత కలావంతుల పాటకి ఏమైందో గుర్తు చేసుకుంటే ఇది కొత్తగా అనిపించదు.

కానీ మనం కూడా తక్కువ తినలేదు. బిస్మిల్లాఖాన్ పేరెత్తితే ఛాతీ విరుచుకునే మనం రసూలన్ పేరెత్తితే నేల చూపులు చూస్తాం. కోఠాలో పాడిన ఆడది మన లెక్కలో మనిషి కాదు, మచ్చ. 1948లో ఆమె ముజ్రా మానేసింది, కోఠా విడిచింది. 1957లో సంగీత నాటక అకాడెమీ అవార్డు వచ్చింది. 1969 అల్లర్లలో అహ్మదాబాద్‌లో ఆమె ఇల్లు తగలబెట్టారు. తవాయిఫ్ కాబట్టి మనం మన మనిషి కాదన్నాం. ఇల్లు కాల్చేటప్పుడు మాత్రం వాళ్ళకి ఆమె అచ్చమైన ముస్లిమే.

సినిమాలో లోపాల్లేవని కాదు. రెండు గంటల నిడివి. ఒక పాట కోసం బయల్దేరి మొత్తం చరిత్రని ఎత్తుకోవడంతో మధ్యలో రసూలన్ మన చూపు నుంచి జారిపోతుంది. అయినా (ఈ 'అయినా' నాది) తెలుగు వ్యాఖ్యానంతో దీన్ని మన బస్తీల్లో వేయాలి. ఆడవాళ్ళని ముందు వరసలో కూర్చోబెట్టి వేయాలి. వాళ్ళేమంటారో నాకు వినాలనుంది.