కప్పమ్మ స్నానం: ఫ్రేజర్ తులనాత్మక పద్ధతిపై ఒక పరిశీలన

సర్ జేమ్స్ జార్జ్ ఫ్రేజర్ (1854–1941) రచించిన 'ది గోల్డెన్ బౌ' మొట్టమొదట 1890లో రెండు సంపుటాలుగా వెలువడింది. 1900లో అది మూడు సంపుటాలైంది. 1915 నాటికి పన్నెండు సంపుటాలకు పెరిగింది. అంత గ్రంథాన్ని ఓపికతో చదివేవారు అరుదని గ్రహించి కాబోలు, 1922లో ఆయనే దానిని ఒక్క సంపుటానికి కుదించాడు. నేడు సామాన్యంగా పాఠకుల చేతికి వచ్చేది ఈ సంక్షిప్త ప్రతియే. వివిధ జాతుల ఆచారాలను, విశ్వాసాలను ఒకచోట చేర్చి పోల్చి చూచిన గ్రంథాల్లో ఇంత ప్రచారం పొందినవి చాలా తక్కువ.

ఇటలీలో నేమి సరస్సు ఒడ్డున డయానా దేవత వనం ఒకటి ఉండేది. ఆ వనంలోని పూజారిని చంపినవాడే అతని తరువాత పూజారి అయ్యేవాడు. ఈ వింత ఆచారానికి కారణమేమిటన్నది ఫ్రేజర్ వేసుకొన్న ప్రశ్న. దానికి సమాధానం వెదుకుతూ ఆయన ప్రపంచమంతా చుట్టివచ్చాడు. కాళ్ళతో కాదు, పుస్తకాలతో. మతప్రచారకులు, ఉద్యోగులు, యాత్రికులు వ్రాసిన నివేదికలే ఆయనకు ఆధారం. కేంబ్రిడ్జిలోని ట్రినిటీ కళాశాలలో కూర్చొని ఆయన చదివిన ఆ నివేదికల్లో మన తెలుగుదేశం కూడా ఉన్నది.

సంక్షిప్త ప్రతి అయిదవ అధ్యాయంలో వానను రప్పించే తంతులను వివరిస్తూ ఫ్రేజర్ మద్రాసు రాజధానిలోని కాపు స్త్రీల ఆచారం ఒకటి చెప్పాడు. వానలు కురవనప్పుడు వారు ఒక కప్పను పట్టి, ప్రాణంతోనే ఒక కొత్త వెదురు చేటకు కడతారు. చేటపై వేపాకులు పరచి, కప్పమ్మకు స్నానానికైనా కాసిన్ని నీళ్ళు ఇమ్మని వానదేవుణ్ణి వేడుకొనే పాట పాడుతూ ఇంటింటికీ తిరుగుతారు. ఇంటి ఇల్లాలు కప్పపై నీళ్ళు పోసి, భిక్ష వేస్తుంది. అట్లా చేస్తే త్వరలోనే కుండపోతగా వాన కురుస్తుందని ఆమె దృఢంగా నమ్ముతుందని చెప్పి ఫ్రేజర్ ఆ ప్రసంగం ముగించాడు. తెలంగాణ పల్లెల్లో పిల్లలు కప్పను రోకలికి కట్టి, వేపమండలు చుట్టి, కప్పతల్లి పేరుతో వాడవాడలా తిప్పటం చాలామంది ఎరిగినదే. చేటకు బదులు రోకలి, స్త్రీలకు బదులు పిల్లలు, అంతే భేదం.

ఈ కాపు స్త్రీల పక్కన ఫ్రేజర్ ఎవరెవరిని నిలబెట్టాడో చూడటం అవసరం. అనావృష్టి వచ్చినప్పుడు కప్పలను కుండకింద ఉంచి బెత్తాలతో కొట్టే ఒరినోకో నదీతీర వాసులు ఒకరు. కప్ప బొమ్మలు చేసి కొండకొమ్మున పెట్టే ఐమారా జాతివారు మరొకరు. కప్పను చంపితే వాన వస్తుందనే బ్రిటిష్ కొలంబియాలోని థాంప్సన్ జాతివారు ఇంకొకరు. అదే అధ్యాయంలో, ఆకులూ పూలూ కప్పుకొని ఇంటింటికీ వెళ్ళే సెర్బియా బాలిక 'దోదోలా', ఆమెపై నీళ్ళు కుమ్మరించే గృహిణులు, పూనాలో ఆకులు తొడుక్కొని వానరాజుగా తిరిగే బాలుడు కూడా ఉన్నారు.

ఈ పోలికల్లో కొన్ని అద్భుతమైనవి. సెర్బియా బాలికకు, పూనా బాలునికి, తెలుగునాటి కప్పకు మధ్య ఉన్న సామ్యాన్ని ఎవరూ కాదనలేరు. పచ్చని ఆకులు, ఇంటింటి తిరుగుడు, నీళ్ళు కుమ్మరించటం, భిక్ష వేయటం అనే నాలుగు అంశాలూ మూడుచోట్లా ఉన్నవి. ఇంత దూరాన ఉన్న ఆచారాలను ఒక పుటలో చేర్చి, ఆలోచించండని పాఠకుని ముందుంచటం సామాన్యమైన పని కాదు. ఐతే కప్పను కొట్టేవారు, కప్పను చంపేవారు, కప్పకు స్నానం చేయించేవారు ఒకే పని చేస్తున్నారని ఎట్లా చెప్పగలం? 'కప్ప', 'వాన' అనే రెండు మాటలు అన్నిచోట్లా ఉన్నవన్నది తప్ప ఇందుకు ఆధారం లేదు. పైరూపాన్ని బట్టి వర్గీకరిస్తే తిమింగిలం చేపల్లో చేరుతుంది. జంతుశాస్త్రం ఆ పొరపాటును దిద్దుకొన్నది దాని శ్వాసాంగాలను, పిల్లలను పెంచే తీరును పరిశీలించిన తరువాతనే.

ఫ్రేజర్ సిద్ధాంతం క్లుప్తంగా ఇది. పోలినది పోలినదానినే పుట్టిస్తుందన్నది, అంటే ఫలితం దాని కారణాన్ని పోలి ఉంటుందన్నది సాదృశ్య సూత్రం. ఒకప్పుడు తాకి ఉన్న వస్తువులు విడిపోయిన తరువాత కూడా ఒకదానిపై ఒకటి పనిచేస్తాయన్నది సంపర్క సూత్రం. ఈ రెండింటినీ నమ్మి ప్రకృతిని వశపరచుకోవాలని చూచేదే మంత్రతంత్రం. అది విఫలమైందని తెలుసుకొన్న మానవుడు దేవతలను ప్రార్థించి మతంలోకి వచ్చాడు. అదీ చాలక చివరకు విజ్ఞానానికి చేరుకొన్నాడు. అంటే కప్పపై నీళ్ళు పోసే ఇల్లాలు తప్పుడు సూత్రంతో ప్రయోగం చేస్తున్న శాస్త్రజ్ఞురాలన్నమాట! ప్రయోగం ఎన్నిసార్లు విఫలమైనా నమ్మకం ఎందుకు సడలదన్న ప్రశ్నకు మాత్రం ఫ్రేజర్ చక్కని సమాధానం ఇచ్చాడు. వానకోసం తంతు జరిపిన తరువాత నేడో రేపో వాన కురియక మానదు. కనుక తంతు ఫలించినట్లే కనిపిస్తుంది. ఈ వివరణ నేటికీ విలువైనదే.

ఐనా అసలు చిక్కు మరొకచోట ఉన్నది. మద్రాసు ప్రభుత్వ ప్రదర్శనశాల అధిపతి ఎడ్గార్ థర్‌స్టన్, కె. రంగాచారి సహాయంతో 1909లో ఏడు సంపుటాలుగా ప్రకటించిన దక్షిణ భారత కులాల, తెగల గ్రంథంలో కాపుల ప్రకరణం ఉన్నది. ఈ కప్ప వృత్తాంతం అందులో దాదాపు ఇదే రూపంలో కనిపిస్తుంది. అక్కడ పాటకూ నీళ్ళు పోయటానికీ మధ్య ఒక వాక్యం అదనంగా ఉన్నది. కప్పలకు కూడా నీటిచుక్క దొరకనంతగా కరవు ముదిరిందన్నది ఆ పాటకు అర్థమని దాని సారాంశం. ఫ్రేజర్ సంక్షిప్త ప్రతిలో ఈ వాక్యం లేదు.

ఒక్క వాక్యం పోతే ఏమవుతుంది? చాలా అవుతుంది. ఆ వాక్యం ఉంటే పాట ఒక మొర. మనుషుల మాట అటుంచు, ఈ నోరులేని ప్రాణికైనా దయచూపమని చేసే విన్నపం. కప్ప ఇక్కడ వానను లాగే యంత్రం కాదు, ఊరి తరఫున నిలిచిన సాక్షి. ఆ వాక్యం లేకపోతే మిగిలేవి కప్ప, నీళ్ళు, నమ్మకం మాత్రమే. అప్పుడు అది సాదృశ్య సూత్రానికి అచ్చమైన ఉదాహరణ. నిజానికి పాటలో వానదేవుణ్ణి సంబోధించారు కనుక ఫ్రేజర్ లెక్క ప్రకారమే ఇది మంత్రతంత్రం కాదు, ప్రార్థన, అనగా మతం. ఐనా ఆయన దీనిని మంత్రతంత్రాల అధ్యాయంలోనే ఉంచాడు. రెండూ కలిసి ఉండే సందర్భాలు ఉన్నవని ఆయనే మరొకచోట ఒప్పుకొన్నాడు గాని, కాపు స్త్రీల విషయంలో ఆ జాగ్రత్త చూపలేదు.

ఇక ఆ 'దృఢమైన నమ్మకం' సంగతి. థర్‌స్టన్ గ్రంథంలోనూ ఇల్లాలి నమ్మకం ప్రస్తావన ఉన్నది. ఐతే నమ్మేది ఎవరు? నీళ్ళు పోసిన ఇల్లాలా? కప్పను మోసిన స్త్రీయా? వెంటపడిన పిల్లలా? వారిని ఎవరు అడిగారు, ఏమని అడిగారు? వాన వస్తుందని నమ్మి పోసిన నీళ్ళు వేరు, రావాలని కోరి పోసిన నీళ్ళు వేరు, గడప ముందుకు వచ్చినవారిని వట్టిచేతులతో పంపరాదని పోసిన నీళ్ళు వేరు. చేసిన పనిని చూడవచ్చును. మనసులోని నమ్మకాన్ని చూడలేము, అడిగి తెలుసుకోవాలి. వేరొకరి స్థానంలో తన్ను ఊహించుకొని, నేనైతే ఇందుకు చేసి ఉంటాను కనుక వారూ ఇందుకే చేశారని తీర్మానించటాన్ని, 1965లో ఇవాన్స్-ప్రిచార్డ్ 'నేనే గుర్రాన్నైతే' అనే హేత్వాభాసంగా ఎత్తిచూపాడు. ఫ్రేజర్ గ్రంథంలో ఇటువంటి గుర్రాలు చాలా ఉన్నవి.

తత్త్వవేత్త విట్‌గెన్‌స్టెయిన్ 1931 నుంచి వ్రాసుకొని, ఆయన మరణానంతరం 1967లో ప్రకటితమైన వ్యాఖ్యల్లో మరొక లోపం కనిపెట్టాడు. ఆఫ్రికాలో వానరాజుల వద్దకు జనం వెళ్ళేది వానాకాలం వచ్చే వేళకేనని ఫ్రేజరే వ్రాశాడు. రాజు నిజంగా వాన కురిపించగలడని వారి భావమైతే, నేల నెర్రెలు విచ్చే ఎండాకాలంలోనే అడిగి ఉండరా? ఈ ప్రశ్న మన కప్పకూ వర్తిస్తుంది. ఎవరూ మాఘమాసంలో కప్పను కట్టుకొని తిరగరు. మృగశిర పోయి, ఆరుద్ర కార్తె కూడా ఎండిపోతున్నప్పుడు, విత్తనం నేలలో మాడుతున్నప్పుడు కప్పతల్లి బయలుదేరుతుంది. ఋతుపవనం ఎప్పుడు రావాలో రైతుకు బాగా తెలుసు. తెలియనిదల్లా ఈ ఏడు ఎందుకు రాలేదన్నదే.

కప్పను ఎన్నుకోవటంలోనూ పరిశీలన ఉన్నది. కప్ప చర్మం తడిగా ఉండాలి, గ్రుడ్లకు నీరు కావాలి. అనేక జాతుల కప్పలు ఎండాకాలమంతా మట్టిలో, బొరియల్లో దాగి తొలివానతో బయటికి వచ్చి బెకబెకమంటవి. ఋగ్వేదం ఏడవ మండలంలోని మండూక సూక్తం ఈ తొలకరి కోలాహలాన్ని వర్ణిస్తుంది. వాన వలన కప్పలు అరుస్తవి గాని, కప్పల వలన వాన కురియదు. సముద్రంపై నుంచి వచ్చే తేమగాలులను, వాటిని బలహీనపరచే ఎల్‌నినో వంటి సముద్ర పరిస్థితులను ఏ చేటా కదిలించలేదు. ఈ విషయంలో సందేహానికి తావులేదు.

మరి విట్‌గెన్‌స్టెయిన్ మాటతో అంతా తేలినట్లేనా? తేలలేదు. కప్పను మోసేవారికి వాన అక్కరలేదు, మనసులోని భావం వ్యక్తం చేయటమే వారికి కావలసిందనటం కూడా పుస్తకాల గదిలో పుట్టిన ఊహే. ఊళ్ళో ఉండి చూచినవారి సాక్ష్యం ఇక్కడ ఎక్కువ ఉపయోగిస్తుంది. మలినోస్కీ 1915–1918 మధ్య ట్రోబ్రియాండ్ దీవుల్లో నివసించి ఒక సంగతి కనుగొన్నాడు. ఒడ్డు లోపలి ఉప్పునీటి మడుగులో విషపు మూలికతో చేపలు పట్టటం సులభం, అపాయం లేనిది. అక్కడ ఏ మంత్రమూ లేదు. నడిసముద్రంలో వేట అపాయకరం, ఫలితం అనిశ్చితం. అక్కడ విస్తారమైన మంత్రకాండ ఉన్నది. తోటకు కంచె వేయకుండా, కలుపు తీయకుండా మంత్రం ఒక్కటే చదవమంటే ఆ దీవివాసులు నవ్వుతారట. ఇవాన్స్-ప్రిచార్డ్ సూడాన్‌లోని అజాందేల గురించి 1937లో ప్రకటించిన గ్రంథం ఇంకా ముందుకు వెళ్ళింది. ధాన్యపు గాదె కూలి కింద కూర్చున్నవారికి దెబ్బలు తగిలితే, గుంజలను చెదలు తిన్నవని అజాందేలకు తెలుసు. వారు క్షుద్రవిద్యను తలచేది వేరొక ప్రశ్నకు: సరిగ్గా వీరు కూర్చున్నప్పుడే ఎందుకు కూలింది? కారణం తెలియక కాదు, కారణం చాలక.

ఇదంతా పండితుల తగవు అనుకొనరాదు. పాఠశాలలో దీని ప్రభావం నేరుగా ఉన్నది. కప్పతల్లి ఆటలో నీళ్ళు పోసిన తల్లుల పిల్లలు తరగతిలో కూర్చొని ఉంటారు. అది వట్టి మూఢత్వం, విఫలమైన విజ్ఞానం అని ఉపాధ్యాయుడు ఒక్కమాటలో తేల్చివేస్తే, ఆయన పలికేది ఫ్రేజర్ మాట. పరీక్షించి తెలుసుకొన్న మాట కాదు. దీనికి ఎదురుగా మరొక వాదం ఈమధ్య ఎక్కువగా వినవస్తున్నది. వేపాకు క్రిములను చంపుతుంది, కప్పపై నీళ్ళు జీవకారుణ్యం, పెద్దలు పెట్టిన ప్రతి ఆచారంలోనూ శాస్త్రరహస్యం ఉన్నదన్నది ఆ వాదం. చేటపై పరచిన నాలుగు వేపమండలు ఏ క్రిములను చంపినవి? రోకలికి బిగించిన కప్పకు అందిన కారుణ్యం ఎంత? చూడగా ఈ రెండు పక్షాలూ ఫ్రేజర్ శిష్యులే. తంతు అంటే ఏదో ఒక ఫలితం సాధించే పనిముట్టు అని ఇద్దరూ ముందే నిర్ణయించుకొన్నారు. పనిముట్టు విరిగినదని ఒకరు, పదునైనదని ఒకరు అంటున్నారు. అది పనిముట్టేనా అని ఇద్దరూ అడగటం లేదు.

'ది గోల్డెన్ బౌ' చదవదగిన గ్రంథమే. దాని గద్యం గంభీరమైనది, సమాచారం అపారం. మలినోస్కీ తొలి మహాగ్రంథానికి 1922లో పీఠిక వ్రాసి, తన పద్ధతిని వెనక్కునెట్టబోయే పద్ధతిని ఆదరించిన ఔదార్యం కూడా ఫ్రేజర్‌కు ఉన్నది. ఐతే అందులోని ప్రతి ఉదాహరణకూ ఒక ఊరు, ఒక ఋతువు, కొందరు మనుషులు ఉన్నారని, గ్రంథంలోకి వచ్చే దారిలో వారు జారిపోయారని గుర్తుంచుకొని చదవాలి. పై తరగతుల విద్యార్థులు తమ ఊరి కప్పతల్లి గురించి ఇప్పటికీ పెద్దలను అడిగి వ్రాసుకోవచ్చును. ఏ కార్తెలో తిప్పారు, ఎవరు మోశారు, ఎవరి గడప ఎక్కలేదు, పోగైన గింజలు ఏమి చేశారు, కప్పను చివరకు ఎక్కడ వదిలారు, అది బ్రతికిందా, వాన రాకపోతే ఏమనుకొన్నారు? చేట కొత్తదే ఎందుకు కావాలన్నది కూడా అడగవచ్చును. వాన వస్తే పండేది, పండితే చెరిగేది చేటలోనే. ఫ్రేజర్ ఆ చేటను పేర్కొన్నాడు, అది కొత్తదని కూడా వ్రాశాడు, కాని దాని గురించి ఒక్క ప్రశ్న వేయలేదు.