ఆత్మార్పణ, హత్య: ‘ముసలమ్మ మరణం’ నేపథ్యంలో ఒక పరిశీలన

బుక్కరాయసముద్రం చెరువుకట్ట తెలుగు సాహిత్యంలో బలిదాన స్థలంగా నిలిచింది. కట్టమంచి రామలింగారెడ్డి 1899లో రచించిన ‘ముసలమ్మ మరణం’లో తెగుతున్న కట్టను నిలిపి ఊరిని కాపాడేందుకు బసిరెడ్డి చిన్నకోడలు ప్రాణాలర్పిస్తుంది. కావ్యంలో ప్రధానరసం కరుణం. ఇందులో హంతకుడు లేడు. ఉన్నవి వరద, దైవవాక్కు, ఆమె నిశ్చయం.

పేదలకు సేవచేస్తూ హతులైన మతసేవకుల గురించి రాసేటప్పుడు కూడా ఈ బలిదాన చట్రాన్నే అన్వయించడం కద్దు. ఆ అన్వయం ఎంతవరకు సమంజసమన్నది విచారణీయం.

ఎల్ సాల్వడార్‌లో అంతర్యుద్ధ బాధితులకు ఆశ్రయం, ఆహారం అందిస్తున్న ఇటా ఫోర్డ్, మౌరా క్లార్క్, డొరతీ కాజెల్ అనే సన్యాసినులను, సేవకురాలు జీన్ డోనవన్‌ను 1980 డిసెంబరు 2న నేషనల్ గార్డు సైనికులు హతమార్చారు. 1984లో ఐదుగురు సైనికులకు శిక్ష పడింది. పై అధికారులు నిజాన్ని కప్పిపుచ్చారని ఐక్యరాజ్యసమితి సత్యశోధన సంఘం 1993లో తేల్చింది. ముసలమ్మ మరణాన్ని వరించింది. ఈ నలుగురు వరించినది పేదల సాన్నిహిత్యం మాత్రమే. మరణం ఇతరుల నిర్ణయం. దీనిని కేవలం ‘త్యాగం’ అంటే రాజ్యం వరదగా మారుతుంది, నేరం విధిగా మారుతుంది. అలంకారశాస్త్ర పరిభాషలో, శోకం మిగిలి, క్రోధానికి ఆలంబనమైన శత్రువు అదృశ్యమవుతాడు.

మధ్యప్రదేశ్‌లో భూమిలేని పేదలను వడ్డీవ్యాపారుల దోపిడీకి ఎదురుగా సంఘటితం చేసిన సిస్టర్ రాణీ మరియ 1995 ఫిబ్రవరి 25న బస్సులో హత్యకు గురైంది. 2017లో కథోలిక సంఘం ఆమెను ధన్యురాలిగా ప్రకటించింది. విశ్వాసులకు ఆ గౌరవం సహజం. విమర్శకునికి మాత్రం ఆమె మరణం ఎంత ముఖ్యమో, ఆ వడ్డీ లెక్కలూ అంతే ముఖ్యం.

మరణం లేనిచోట ఈ చట్రం మరింత నిస్సహాయమవుతుంది. మహారాష్ట్రలో రైతులచేత బావులు తవ్వించిన విన్సెంట్ ఫెర్రర్‌కు 1968లో దేశబహిష్కరణ ఆజ్ఞ ఎదురైంది. తిరిగివచ్చి 1969లో అనంతపురం చేరిన ఆయన 2009లో మరణించేదాకా ఆ కరవుసీమలోనే పనిచేశారు. ఆయనను ఎదిరించిన శక్తుల స్వభావం వేరు కాదు; పర్యవసానమే వేరు. నలభై ఏళ్ల నిత్యకృత్యానికి కరుణరసం చాలదు.

ఈ పరిశీలన చివరికి ‘ముసలమ్మ మరణం’ పఠనాన్నీ మారుస్తుంది. కట్ట బాగోగులు ఎవరి బాధ్యత? బలికి చిన్నకోడలే ఎందుకు కావలసివచ్చింది? కావ్య సౌందర్యాన్ని ఈ ప్రశ్నలు తగ్గించవు. కన్నీటి వెనుక ఉన్న అధికారాన్ని చూపుతాయి.