టైటిల్ ఎవరి పేరు మీదుంది?

ఆటగాళ్ల ఆత్మకథలంటే నాకు పెద్ద ఆసక్తి లేదు. గెలిచిన మ్యాచ్‌లు, విరిగిన ఎముకలు, చివర్లో ఇంట్లోవాళ్లకి కృతజ్ఞతలు. దాదాపు అన్నీ ఇంతే. హెచ్.సి.ఎ. హారిసన్ 1923లో అచ్చువేసిన 'ద స్టోరీ ఆఫ్ ఏన్ అథ్లీట్' మాత్రం నన్ను వదల్లేదు. అందులో ఆట గురించి చెప్పినదానికంటే, ఒక చరిత్ర ఎవరి పేరు మీద రిజిస్టర్ అవుతుందనే ప్రశ్నే నన్ను ఎక్కువ పట్టుకుంది.

మెల్‌బోర్న్‌లో మనవాళ్లు చాలామందే ఉన్నారు కాబట్టి 'ఫుటీ' అన్న మాట మీరు వినే ఉంటారు. క్రికెట్ గ్రౌండ్‌లో కోలగా ఉండే బంతితో ఆడే ఆస్ట్రేలియన్ రూల్స్ ఫుట్‌బాల్ అది. ఆ ఆట తొలితరం వీరుల్లో హారిసన్ ఒకడు. 1836లో న్యూ సౌత్ వేల్స్‌లో పుట్టాడు. పరుగు పందేల్లో పేరు మోసినవాడు. మెల్‌బోర్న్, జీలాంగ్, రిచ్‌మండ్ మూడు జట్లకీ కెప్టెన్‌గా చేశాడు. ఆడటం మానేశాక కమిటీల్లో స్థిరపడ్డాడు. 1877లో విక్టోరియన్ ఫుట్‌బాల్ అసోసియేషన్ ఏర్పడినప్పుడు ఉపాధ్యక్షుడయ్యాడు. 1908లో ఆటకి యాభై ఏళ్ల పండగ చేసేనాటికి 'ఫుట్‌బాల్ పితామహుడు' అంటే ఆయనే. 1929లో తొంభై రెండేళ్ల వయసులో పోయాక, లీగ్ ప్రధాన కార్యాలయానికి ఆయన పేరే పెట్టారు.

పుస్తకంలో అందరూ ఉదహరించే భాగం ఒకటుంది. ఇంగ్లండ్‌లో రగ్బీ స్కూల్లో చదివొచ్చిన టామ్ విల్స్, ఆ స్కూల్ ఆట మనకొద్దన్నాడట. పొద్దున లేస్తే పనికి పోవాల్సిన పెద్దవాళ్లకి అది కుదరదు, మనకంటూ ఓ ఆట తయారు చేసుకుందామన్నాడట. ఎంత బాగుంది! ఒక జాతి తన ఆటని తానే కనిపెట్టుకున్న క్షణం. చిక్కేమిటంటే, నియమాలు రాసినప్పుడు ఆ గదిలో ఉన్న విలియం హామర్‌స్లీ జ్ఞాపకం దీనికి పూర్తిగా అడ్డం తిరుగుతుంది. ఆయన లెక్కలో విల్స్ రగ్బీ నియమాలనే ప్రతిపాదించాడు, అవి ఇంకెవరికీ అర్థం కాలేదు. 1859 మే 17న రాసిన ఆ తొలి నియమాల కింద విల్స్ పేరు ఉంది, హామర్‌స్లీ పేరు ఉంది. హారిసన్ పేరు లేదు.

అలాగని హారిసన్ అబద్ధమాడాడని అనను. అరవై ఏళ్లకి పైగా గడిచాయి. ఈలోగా ఆట పెద్దదైంది, దేశం ఒకటైంది, ఆ కొత్త దేశానికి ఓ పుట్టుక కథ కావాల్సి వచ్చింది. ముసలాయన జ్ఞాపకం ఆ అవసరానికి తగ్గట్టు సర్దుకుంది. మన ఇళ్లలో తాతలు చెప్పే కథలూ అంతే కదా, చెప్పిన ప్రతిసారీ కాస్త నునుపెక్కుతాయి.

సాఫ్ట్‌వేర్ పనిలో ఉన్నవాణ్ని కాబట్టి నాకు ఇంకో కోణం కూడా కనిపిస్తుంది. ఒక ప్రాజెక్ట్ మొదలుపెట్టేవాడు ఒకడు, దాన్ని ఇరవై ఏళ్లు బతికించేవాడు ఇంకొకడు. 1858 జులైలో పత్రికకి ఉత్తరం రాసి, చలికాలంలో క్రికెటర్లు ఫుట్‌బాల్ క్లబ్ పెట్టుకోవాలని కదిలించినవాడు విల్స్. కానీ అతను మెల్‌బోర్న్ క్రికెట్ క్లబ్ కార్యదర్శిగా ఉన్నప్పుడు కాగితాలన్నీ చిందరవందరగా వదిలేసి పోయాడు. హారిసన్ సర్దే మనిషి. 1866లో నియమాల్ని తిరగరాసిన సమావేశానికి ఆయనే అధ్యక్షుడు. బంతి పట్టుకుని పరిగెత్తొచ్చు, కానీ ఐదారు గజాలకోసారి నేలకి కొట్టాలన్న నియమం రాతలోకి వచ్చింది అప్పుడే. ఈనాటికీ ఆ ఆటకి గుర్తు అదే. మెయింటెయినర్లని తక్కువ చేసే మన అలవాటు నాకు నచ్చదు. హారిసన్ లాంటివాళ్లు లేకపోతే విల్స్ ఉత్సాహం నాలుగు చలికాలాలకే చల్లారిపోయేదేమో.

ఐతే ఈ ఇద్దరూ కేవలం సహ ఆటగాళ్లు కారు. దాయాదులు. హారిసన్ పెళ్లాడింది టామ్ చెల్లెలు ఎమిలీని. 1861 అక్టోబర్‌లో క్వీన్స్‌లాండ్‌లోని కల్లిన్-లా-రింగోలో ఆదివాసులు పంతొమ్మిదిమంది వలసవాసుల్ని చంపారు. వాళ్లలో ఎమిలీ, టామ్‌ల తండ్రి ఒకడు. ప్రతీకారంగా తెల్లవాళ్లు చంపిన ఆదివాసుల సంఖ్య దానికి ఎన్నో రెట్లు. ఐదేళ్ల తర్వాత, హారిసన్ నియమాల సమావేశం నడిపిన ఆ 1866లోనే, టామ్ ఒక ఆదివాసీ క్రికెట్ జట్టుకి కెప్టెన్‌గా మెల్‌బోర్న్ మైదానంలో దిగాడు. తాగుడు ముదిరింది. 1880లో తన చేత్తోనే ప్రాణం తీసుకున్నాడు. బావమరిది పోయాక హారిసన్ మరో నలభై తొమ్మిదేళ్లు బతికాడు. కథ చెప్పే హక్కు బతికున్నవాడికే దక్కింది.

నాకు అన్నిటికన్నా వింతగా తోచింది ఆయన ఉద్యోగం. కస్టమ్స్‌లో మొదలై, చివరికి విక్టోరియా భూముల టైటిళ్ల రిజిస్ట్రార్ అయ్యాడు. అక్కడ అమలైంది టోరెన్స్ పద్ధతి. పాత దస్తావేజులు తవ్వక్కర్లేదు, రిజిస్టర్లో ఎవరి పేరుంటే భూమి వాళ్లది. ఆంధ్రలో 2022లో తెచ్చి 2024లో రద్దు చేసిన ల్యాండ్ టైట్లింగ్ చట్టం వెనకున్నదీ ఈ ఆలోచనే. పొలం తనదే అయినా రికార్డులో పేరు ఎక్కకపోతే ఏమవుతుందో మన రైతుకి ఒకరు చెప్పనక్కర్లేదు. ఆ రిజిస్టర్లో అంతకుముందు వేల ఏళ్లుగా అక్కడ ఉన్నవాళ్ల కోసం గడే లేదు.

ఆట చరిత్రలోనూ అదే గొడవ. విల్స్ చిన్నతనంలో జాబ్ వురుంగ్ పిల్లలతో ఆడాడు, వాళ్ల భాష మాట్లాడాడు. వాళ్ల 'మార్న్‌గ్రూక్' ఆట ప్రభావం ఫుటీ మీద ఉందని కొందరంటారు. చరిత్రకారిణి జిలియన్ హిబ్బిన్స్ దాన్ని ఆకర్షణీయమైన అపోహ అని కొట్టిపారేసింది. దస్తావేజు లేదన్నంతవరకు ఆమె మాట నిజమే. కానీ దస్తావేజులు రాసుకున్నది ఎవరు? కాగితం లేకపోవడం సంబంధం ఉందనడానికి రుజువు కాదు, ఒప్పుకుంటాను. సంబంధం లేదనడానికీ అది పూర్తి రుజువు కాదన్నదే నా మాట.

అందుకే ఈ పుస్తకాన్ని ఒంటరిగా చదవొద్దంటాను. పక్కన విల్స్ ఉత్తరం, హామర్‌స్లీ జ్ఞాపకాలు పెట్టుకోండి. హారిసన్ మంచి అథ్లీట్, నమ్మకమైన నిర్వాహకుడు, హాయిగా చదివించే కథకుడు. కానీ ఆయన రాసింది ఒక రిజిస్టర్. అందులో ఉన్న పేర్లు చదవడం సులువే, కాస్త ఓపిక కావాల్సింది లేని పేర్ల కోసం.