తిరిగొచ్చే దారి

పదో తరగతి సెలవుల్లో, 'ఆదిత్య 369' చూసొచ్చిన ఊపులో, కాలయంత్రం మీద నా మొదటి కథ రాశాను. అందులో కుర్రాడు మీట నొక్కుతాడు, నేరుగా రాయల కొలువులో దిగుతాడు. అమ్మమ్మకి చదివి వినిపించాను. చేటలో బియ్యం చెరుగుతూ అంతా విని ఒక్క మాటే అడిగింది: "బానే ఉందిరా. మరి వాడు ఇంటికెట్లా వస్తాడు?"

నా దగ్గర జవాబు లేదు. వెళ్లడం గురించి ఆలోచించానే గానీ, రావడం గురించి అనుకోనే లేదు. ఇన్నేళ్లుగా పిల్లల కోసం ఇలాంటి కథలు రాస్తున్నాను. రాసిన ప్రతిసారీ ఆ ప్రశ్న ఎదురొస్తూనే ఉంది.

అమ్మమ్మకి భాగవతంలో రైవతుడి కథ బాగా తెలుసు. కూతురు రేవతికి తగిన వరుడెవరో అడుగుదామని ఆ రాజు ఆమెను వెంటబెట్టుకుని బ్రహ్మలోకం వెళ్తాడు. అక్కడ గానం జరుగుతుంటే అయ్యేదాకా ఆగుతాడు. ఆ కాసేపట్లో భూమ్మీద 27 మహాయుగాలు దొర్లిపోతాయి. తను మనసులో అనుకున్న వరులే కాదు, వాళ్ల మనవలూ మునిమనవలూ కూడా లేరు. బ్రహ్మ చెప్పినట్టు రేవతిని బలరాముడికిచ్చి చేస్తాడు. లోకం నుంచి లోకానికి ప్రయాణం క్షేమంగానే జరిగింది. కానీ వదిలి వెళ్లిన ఇల్లు మాత్రం ఆ రాజుకి మళ్లీ దొరకలేదు.

కాలయంత్రం కల్పించినవాళ్లకీ ఈ తిరిగొచ్చే చిక్కు తప్పలేదు. ఎన్రికే గాస్పర్ అనే స్పెయిన్ రచయిత 1887లోనే విద్యుత్తుతో నడిచే కాలనౌకను నవలలో పెట్టాడు. వెనక్కి పోయేకొద్దీ లోపలున్నవాళ్ల వయసు తరిగిపోవాలి కదా? అలా తరగకుండా, తిరిగి రావడానికి వాళ్లు మిగిలేలా కాపాడటానికి 'గార్సియా ద్రవం' కల్పించాడు. 1895లో ఇంగ్లీషు రచయిత హెచ్.జి. వెల్స్ తన నవలలో కాలయాత్రికుడికి నికెల్, దంతం, స్ఫటికంతో చేసిన యంత్రం ఇచ్చాడు. అతను 8,02,701వ సంవత్సరంలో దిగగానే దాన్ని నడిపే మీటల్ని మర తిప్పి ఊడదీసి జేబులో వేసుకుంటాడు. తర్వాత యంత్రం కనబడకుండా పోతుంది. అప్పుడు అతని ఆశంతా జేబులో ఉన్న ఆ రెండు మీటల మీదే. నేను కథ రాయడం నేర్చుకున్నది ఆ జేబు దగ్గరే.

1985లో ఖగోళ శాస్త్రవేత్త కార్ల్ సేగన్ 'కాంటాక్ట్' నవల రాస్తూ, తన నాయికను దూర నక్షత్రానికి పంపే దారి చెప్పమని భౌతిక శాస్త్రవేత్త కిప్ థోర్న్‌ని అడిగాడు. థోర్న్ చెప్పిన దారి వర్మ్‌హోల్, అంటే అంతరిక్షంలో రెండు చోట్లను కలిపే సొరంగం. లెక్క ప్రకారం అది కాంతి కూడా దాటేలోపే మూసుకుపోతుంది, ఇక తిరిగి రావడమెక్కడ? ఇసక నేలలో బావి తవ్వితే ఒరలు దించాలి, లేకపోతే గోడ జారిపోతుంది. ఆ సొరంగానికీ అలాంటి ఒర కావాలి. రుణశక్తి (నెగటివ్ ఎనర్జీ) ఉన్న పదార్థమైతే దాన్ని తెరిచి ఉంచగలదని 1988లో శిష్యుడు మోరిస్‌తో కలిసి పత్రం రాశాడు. అలాంటి ఒర ఇప్పటికీ ఎవరి చేతికీ రాలేదు. అయినా ఒక నవల అడిగిన ప్రశ్న శాస్త్రాన్ని అంతదూరం నడిపించిందంటే నాకు ఒళ్లు పులకరిస్తుంది.

నేను కళ్లారా చూసిన కాలయంత్రం మా గోడ గడియారం. సున్నాలు వేసినప్పుడు దించి, మళ్లీ తగిలిస్తే ఆగిపోయేది. నాన్న చెవి ఆనించి, కింది అంచుని వెంట్రుకవాసి ఇటు, మళ్లీ అటు జరిపేవాడు. టిక్కుకీ టక్కుకీ మధ్య ఎడం సమానమయ్యేదాకా మమ్మల్ని మాట్లాడనిచ్చేవాడు కాదు. కుదరగానే చెయ్యి తీసేవాడు. అప్పుడు లోలకం దాని మానాన అది ఊగేది.

జీపీఎస్ ఉపగ్రహాల్లో గడియారాలు నేలమీది వాటికంటే రోజుకి 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి. అక్కడ భూమి ఆకర్షణ తక్కువ, వేగం ఎక్కువ. ఆకర్షణ తగ్గితే గడియారం ముందుకు పోతుంది, వేగం దాన్ని వెనక్కి లాగుతుంది, రెండూ పోగా మిగిలే తేడా అది. సరిచేయకపోతే ఒక్క రోజులోనే దారి పది కిలోమీటర్ల దాకా తప్పుతుంది. అందుకే పైకి పంపేముందే వాటిని ఆ మేరకు నెమ్మదిగా నడిచేలా అమరుస్తారు. మన ఫోను ఇంటికి దారి చూపించడం వెనక నాన్న చేసిన పనే ఉంది.

ఆ మొదటి కథ ఇప్పుడు మళ్లీ రాస్తున్నాను. ఈసారి కుర్రాడు బయల్దేరేముందు ముక్కాలి పీట ఎక్కి గోడ గడియారానికి నిండా కీ ఇస్తాడు. అది ఎనిమిది రోజులు నడుస్తుంది. ఆగేలోపు వాడు ఇంటికి రావాలి. కింద అమ్మమ్మ బియ్యం చెరుగుతూ ఉంటుంది.